బిర్లా సైన్స్ సెంటర్‌లోని కోటాసారస్ తల అసలుదేనా?

ప్రశ్న: మా అబ్బాయి హైదరాబాద్‌లో కోటాసారస్ అనే డైనోసార్ అస్థిపంజరం చూసొచ్చినప్పటి నుంచి ఒకటే అడుగుతున్నాడు: "తల కూడా తవ్వకాల్లో దొరికిందా?" తెలిసినవాళ్లు చెప్పండి ప్లీజ్.

జవాబు 1: లేదండీ, పుర్రె దొరకలేదు. కనిపించే తల ఊహించి చేసిందే. గోదావరి లోయలో యామన్‌పల్లి దగ్గర కనీసం 12 జంతువుల ఎముకలు కలగాపులగంగా బయటపడ్డాయి. తల భాగంలో దొరికినవి రెండు పళ్లు మాత్రమే. అవి గరిటె ఆకారంలో ఉంటాయి, ఆకులు దూసుకు తినడానికి అనువుగా. ఇలాంటి జంతువుల పుర్రె ఎముకలు పల్చన, మెడకు అతుకు కూడా బలహీనం. చచ్చాక ముందు ఊడి నీళ్లలో కొట్టుకుపోయేది అదే. శాస్త్రవేత్త పి. యాదగిరి గారు 1988లో ఈ డైనోసార్‌కి పేరు పెట్టారు. తల లేకపోయినా ఇన్ని ఎముకలు మన నేలలో దొరకడం నాకు మహా గర్వం.

జవాబు 2: మరి బారపాసారస్ కూడా ఇదేనా? అదీ గోదావరి లోయదే కదా?

జవాబు 1: కాదండీ, వేరే జంతువు. రెండూ గోదావరి లోయలో 'కోటా' అనే రాతి పొరల్లోవే, జురాసిక్ తొలినాళ్లవి. బారపాసారస్ పెద్దది, సుమారు 14 మీటర్లు. కోల్‌కతా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో నిలబెట్టారు. దానికీ పుర్రె లేదు! తేడా తెలిసేది వెన్నుపూసల్లో: కోటాసారస్‌వి దిట్టంగా, సాదాగా ఉంటాయి, బారపాసారస్‌ మెడ, వీపు ముందు భాగపు పూసలకు పక్కల గుంటలుంటాయి. ఈసారి వెళ్తే బాబుకి తల వదిలేసి వెన్ను చూపించండి.

ప్రశ్న అడిగినవారు: థాంక్సండీ. ఇప్పుడు ఆ పళ్లు ఎక్కడున్నాయని అడుగుతున్నాడు!