కొండను నాదంతో మలచే యంత్రం వస్తే అనుమతి ఎవరివ్వాలి?

మహేంద్రతనయ (పర్లాకిమిడి):
ఒక ఊహను చర్చకు పెడుతున్నాను. మన తర్వాతి తరాలకు "నాదశిల్పి" అనే యంత్రం అందిందనుకుందాం. కొండ చుట్టూ అమర్చిన వేల ధ్వనిపెట్టెల నుంచి వెలువడే తరంగాలు ఒకేచోట కలుసుకొని, మందుగుండు అవసరం లేకుండానే రాతిని మైనంలా మెత్తబరచి, కోరిన రూపంలో మళ్లీ గట్టిపరుస్తాయి. సాయంత్రం కొండ ఉన్నచోట తెల్లవారేసరికి మైదానం ఉంటుంది. యంత్రం కల్పితమే అయినా దాని బీజం నిజమైనది. ఇసుక చల్లిన లోహపు పలక అంచును వయొలిన్ కమానుతో మీటితే, రేణువులు కంపనం లేని గీతల వెంబడి చేరి ఆకృతులు దిద్దుకుంటాయని జర్మన్ శాస్త్రవేత్త ఎర్నెస్ట్ క్లాడ్నీ 1787లోనే గ్రంథస్థం చేశారు. అటువంటి యంత్రాన్ని ఒడిశాలోని మన గజపతి, రాయగడ జిల్లాల కొండల మీదికి రానివ్వకూడదన్నది నా అభిప్రాయం.

వంశధార (గుణుపురం):
నేను దీనితో ఏకీభవించను. మందుగుండు లేకుండా కొండలో దారి తీయగల సాధనం ఉంటే ముందుగా కావలసింది మనకే. వద్దనడానికి మీరు ఒక్క కారణమైనా చెప్పలేదు.

మహేంద్రతనయ:
కారణం ధ్వనిలోనే ఉంది. గాలిలో ప్రయాణించే ధ్వని రాతిని తాకినప్పుడు దాని శక్తిలో 99.9 శాతానికి పైగా వెనక్కి మళ్లుతుంది. రాతిని మెత్తబరచేంత నాదం పుట్టించినప్పుడు, అలా మళ్లిన భాగమంతా కొండ కింది ఊళ్ల మీద పడుతుంది. మా ఇంటికి దగ్గరలోని క్వారీలో ఆరేళ్లపాటు బ్లాస్టింగ్ జరిగింది. పడమటి గోడ పైనుంచి కిందిదాకా బీటలు వారింది. మా నాన్నగారు ఇప్పటికీ మధ్యాహ్నం ఒంటిగంటకు ఉలిక్కిపడతారు. ఎన్ని అర్జీలు పెట్టినా గోడ చూడటానికి ఒక్కరూ రాలేదు.

వంశధార:
గోడ విషయంలో మీకు జరిగింది అన్యాయమే, కాదనను. కానీ 99.9 శాతం లెక్క గాలికి మాత్రమే వర్తిస్తుంది. కిడ్నీలో రాయిని ఆఘాత తరంగాలతో పిండిచేసే చికిత్సను 1980లో మ్యూనిక్‌లో మొదటిసారి ఒక రోగికి చేసినప్పుడు, ఆయనను నీటితొట్టెలో ఉంచారు. నీటికీ శరీర కణజాలానికీ ధ్వని విషయంలో తేడా స్వల్పం గనుక తరంగం వెనుదిరగకుండా లోపలికి వెళ్లి రాయిని చేరుతుంది. మీ యంత్రాన్ని కూడా గాలిలో నిలపకుండా కొండకే ఆనించవచ్చు.

మహేంద్రతనయ:
ఆనించినా, కొండ ఆవలి అంచుకు చేరిన తరంగం అక్కడి గాలిని తాకి మళ్లీ రాతిలోకే తిరుగుతుంది. కొండంతా కంపిస్తుంది, ఆ కంపనం నేల గుండా పునాదులకు చేరుతుంది. ఈ 99.9 శాతాన్ని మీరు ఎటు తిప్పినా తప్పించుకోలేరు.

ఋషికుల్య (గంజాం):
మూడు టపాలుగా ఒక్క అంకె చుట్టూనే తిరుగుతున్నారు. శీర్షికలో అడిగిన ప్రశ్న అనుమతి గురించి.

వంశధార:
అయితే అనుమతి గురించే చెబుతాను. మహేంద్రతనయ గారూ, మీ ఇల్లు రోడ్డు పక్కన ఉంది. మా అమ్మ ఊరు కొండ మీద ఉంది. నా చెల్లెలి కాన్పు సమయంలో ఆమెను డోలీలో కట్టి నలుగురు మోసుకొచ్చారు. వర్షానికి దారి జారుతూ ఉండగా సగం దూరంలోనే బిడ్డ పుట్టి, అక్కడే పోయింది. ఆ కొండను ఒక్క రాత్రిలో చీల్చి దారి వేసే యంత్రం ఉంటే, అది ఎంత మోత చేసినా నేను చెవులు మూసుకొని స్వాగతిస్తాను. మీ గోడ బీటలకు భయపడి మా దారిని ఆపడానికి మీరెవరు?

మహేంద్రతనయ:
ఈ మాట ముందే చెప్పి ఉంటే అంకెలతో వాదించేవాడినే కాదు. దారి వద్దని నేను అనలేదు. ఒక్క రాత్రిలో కొండ మారిపోతే, ఆ రాత్రి నిద్రపోయినవారిని ఎవరు అడిగినట్లు? 1936 ఏప్రిల్ 1న మా పర్లాకిమిడి ఒడిశా ప్రాంతంలో చేరింది. ఆ సరిహద్దు గీతను మా తాతల ఇంటికి వచ్చి అడిగి గీయలేదు. నా భయమంతా అక్కడిది, శబ్దం తర్వాతిది.

నాగావళి (రాయగడ):
అడగడం సాధ్యమేనని మా జిల్లాలో తేలింది. నియమగిరి బాక్సైట్ తవ్వకం విషయంలో సుప్రీంకోర్టు 2013 ఏప్రిల్ 18న నిర్ణయాన్ని గ్రామసభలకే వదిలింది. రాయగడ, కలహండి జిల్లాల్లోని 12 గ్రామసభలూ ఒకదాని తర్వాత ఒకటి వద్దన్నాయి. ఆ కొండల ఆదివాసులైన డొంగ్రియా కోందులు తమ కొండ గురించి తమ మాటల్లోనే చెప్పారు. నాదశిల్పికీ అదే నియమం పెట్టాలి. అయితే అడిగేవారికి కొండవారి భాష వచ్చి ఉండాలి. గిడుగు రామమూర్తి గారు పర్లాకిమిడిలో ఉంటూ సవర భాష నేర్చుకున్నది సవరలతో వారి మాటల్లో మాట్లాడటానికే కదా.

మహేంద్రతనయ:
ఈ నియమానికి నేను ఒప్పుకుంటాను. మీటను నొక్కే ముందు గ్రామసభ కూర్చోవాలి, అది వద్దంటే యంత్రం కొండ దిగిపోవాలి.

వంశధార:
సరే, గ్రామసభ అవుననవచ్చు, కాదనవచ్చు. దారి కోసమైతే మా అమ్మ ఊరు అవుననే అంటుందని నా నమ్మకం. కానీ ఆ కొండకు అవతలివైపు ఇంకో ఊరుంది, వారి ఊట ఆ రాతిలోంచే వస్తుంది. వారిని ఏ సభలో కూర్చోబెడతారు? చెల్లెలు ఇప్పుడు బరంపురంలో ఉంటోంది, మా అమ్మ ఊరి ఓటర్ల జాబితాలో ఆమె పేరు లేదు. ఆమెను అడుగుతారా?

మహేంద్రతనయ:
ఊట ఉన్న ఊరిని తప్పక అడగాలి. మీ చెల్లెలి విషయంలో నా దగ్గర జవాబు లేదు.