యానిమేషన్‌కి కథ రాయాలంటే బొమ్మ గీయడం రావాలా?

దిల్‌సుఖ్‌నగర్ నాన్న: మా పాప ఇంటర్ సెకండియర్. కార్టూన్ సినిమాలకు కథలు రాస్తానంటోంది. బొమ్మలు మాత్రం అంతంతమాత్రం. మాసబ్‌ట్యాంక్‌లో నాలుగేళ్ల బీఎఫ్ఏ (ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ) యానిమేషన్‌కి పంపనా, మామూలు డిగ్రీ చేస్తూ రాసుకోమననా?

పెన్సిల్ పొట్టు: బొమ్మ రాకపోతే వద్దు సార్. పదేళ్లుగా స్టోరీబోర్డులు, అంటే స్క్రిప్టుని షాటు షాటుగా బొమ్మల్లో, వేస్తున్నా. మొన్నొక స్క్రిప్టులో 'ఊరంతా పరిగెత్తుకొచ్చింది' అని ఒక్క ముక్క రాసి వదిలేశారు. టూడీలో సెకనుకి 24 ఫ్రేములు. రెండు ఫ్రేములకో బొమ్మ వేసినా 12, అదీ ఒక్క మనిషికి. ఊళ్లో ఎంతమంది? చివరికి గుమ్మం ముందు చెప్పుల గుట్ట, వెనకాల దుమ్ము వేసి సరిపెట్టా. పెన్సిల్ పట్టినవాడికే తడుతుంది ఇది.

రాతకోతలు: ముళ్లపూడి వెంకటరమణ గారు బొమ్మలేశారా? ఆయన రాశారు, బాపు గారు వేశారు.

పెన్సిల్ పొట్టు: బాపు గారు సినిమాకి కూడా షాట్లు బొమ్మలుగా వేసుకునేవారు. నా మాటే కదా అది!

రాతకోతలు: రమణ గారి గురించి అడిగితే బాపు గారి గురించి చెప్తారేం?

హైటెక్ మామ: 2013 ఫిబ్రవరిలో అమెరికా యానిమేషన్, ఎఫెక్ట్స్ కంపెనీ రిథమ్ అండ్ హ్యూస్ దివాలా పిటిషన్ వేసింది. అదే నెలలో వాళ్ల పనికి ఆస్కార్. ఇంజినీరింగ్ చేయించండి.

బోడుప్పల్ బుజ్జి: ఛోటా భీమ్ 2008 నుంచి మన హైదరాబాద్‌లోనే తయారవుతోంది. భయపెట్టకు మామా.

రాతకోతలు: నా సంగతి వినండి. ఒక స్టూడియోకి 22 నిమిషాల ఎపిసోడ్ రాసిచ్చా. బోర్డు వేసినాయన బామ్మ క్షమించే సీను పీకేసి పిల్లిని చెట్టెక్కించాడు. టీవీలో చూసి మా అమ్మ "నువ్వు రాసింది ఏదిరా?" అంది.

పెన్సిల్ పొట్టు: బోర్డులు వరసపెట్టి, ఉత్తుత్తి గొంతులతో యానిమాటిక్ అని ఒక కచ్చా వీడియో వేస్తారు. మార్పు అప్పుడే చెప్పాలి, తర్వాతైతే డబ్బు దండగ. మీరెక్కడున్నారు?

రాతకోతలు: పిలిస్తేగా! స్క్రిప్ట్ చేతికొచ్చాక రైటర్ ఫోనే ఎత్తరు. నా గొడవ అదండీ బాబూ, బొమ్మ రావడం రాకపోవడం కాదు.

పెన్సిల్ పొట్టు: ఆ పిల్లిని ఎక్కించినవాడి పేరు టైటిల్స్‌లో 'కథ' కింద చూశారా? నేను మూడు క్లైమాక్సులు మార్చా. ఒక్కదానికీ పడలేదు.

రాతకోతలు: అంటే మీరూ మార్చేవారే అన్నమాట!

దిల్‌సుఖ్‌నగర్ నాన్న: సార్, బీఎఫ్ఏ ఎంట్రన్స్‌లో మెమరీ డ్రాయింగ్ (ఎదురుగా చూడకుండా, గుర్తున్నది గీయడం) ఉంటుందట. మీ పోస్టు చదివినప్పట్నుంచి పాప చెప్పులే గీస్తోంది.