అప్‌డేట్: మా బావకి బెయిల్ వచ్చింది, నేననుకున్న దారిలో కాదు

హత్య కేసులో నాలుగేళ్లుగా విచారణ ఖైదీగా ఉన్న మా బావకి, నేరానికి పడే గరిష్ఠ శిక్షలో సగం కాలం జైల్లోనే గడిచిపోతే బెయిల్ ఇచ్చే రూల్ కింద బెయిల్ అడగొచ్చా అని అప్పట్లో ఇక్కడ అడిగాను. పోయిన నెల హైకోర్టు బెయిల్ ఇచ్చింది.

ఆ సగం రూల్ ఇప్పుడు బీఎన్ఎస్ఎస్ (కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) సెక్షన్ 479లో ఉంది, పాత సీఆర్‌పీసీ 436ఎ స్థానంలో వచ్చింది. అది మరణశిక్ష గానీ యావజ్జీవం గానీ పడే నేరాలకి వర్తించదు. హత్యకి పడేవి ఆ రెండే కదా! జవాబుల్లో ఒకరు ఇదే చెప్పారు, నేనే వినలేదు.

పనిచేసింది ఆర్టికల్ 21, అంటే రాజ్యాంగం ఇచ్చే జీవించే హక్కు, వ్యక్తి స్వేచ్ఛ. లాయరు గారు 2021 నాటి సుప్రీంకోర్టు నజీబ్ తీర్పు చూపించారు. అది ఉపా (చట్టవిరుద్ధ కార్యకలాపాల నిరోధక చట్టం) కేసు, నిందితుడు విచారణ తేలకుండానే ఐదేళ్లకు పైగా జైల్లో ఉన్నాడు. విచారణ త్వరగా తేలే సూచన లేనప్పుడు, అంత కఠినమైన చట్టం కూడా హైకోర్టు బెయిల్ ఇవ్వడానికి అడ్డు కాదని అందులో ఉంది.

జడ్జిగారు ఎక్కువసేపు అడిగింది వాయిదాల గురించే. ఎవరి వల్ల పడ్డాయి? అదృష్టం కొద్దీ డాకెట్ (ప్రతి వాయిదాలో ఏం జరిగిందో కోర్టు రాసే రికార్డు) నకళ్లన్నీ ముందే తీయించాం. 41 మంది సాక్షుల్లో విచారించింది ఆరుగురిని. మా వైపు అడిగిన వాయిదాలు మూడే. మనవాళ్లే సాగదీసి ఉంటే ఈ వాదన నిలిచేది కాదన్నారు లాయరు గారు. సాక్షుల్ని బెదిరిస్తాడని ప్రాసిక్యూషన్ అంది గానీ ఆధారం చూపలేదు.

బెయిల్ షరతులు ఇవి: పాస్‌పోర్టు అప్పగించాలి, సాక్షుల జోలికి పోకూడదు, ప్రతి వాయిదాకీ రావాలి. జామీనుదారుల కాగితాలకే ఇంకో తొమ్మిది రోజులు పట్టింది, ఆ టెన్షన్ వేరే కథ. బావ ఇంటికొచ్చాడు. కేసు నడుస్తూనే ఉంది, వచ్చే నెల ఏడో సాక్షి.