అసలు కాలువ ఉండగా సెట్ ఎందుకు? ట్రోనేర్ గొప్పవాడా, నిర్మాత నెత్తిన బరువా?

పాతరీలు:
ఫ్రెంచి సినిమా ‘ఓటెల్ ద్యు నోర్’ (1938) మళ్లీ చూశా. ప్యారిస్‌లో సాన్ మార్తాన్ కాలువ ఉంది, గట్టున ఆ హోటల్ భవనమూ ఉంది. అయినా ఆర్ట్ డైరెక్టర్ అలెగ్జాండ్ర్ ట్రోనేర్ బియ్యాంకూర్ స్టూడియో దగ్గర కాలువ తవ్వించి, నీళ్లు పెట్టించి, వంతెన వేయించి, హోటల్ లేపాడు. అందరూ ఆహా ఓహో అంటారు. నాకైతే దుబారా అనిపిస్తుంది. ఇరవై ఏళ్లు తిరిగేసరికి న్యూ వేవ్ (స్టూడియోలు వదిలి వీధుల్లో తీసిన ఫ్రెంచి యువ దర్శకులు) కుర్రాళ్లు కెమెరా భుజాన వేసుకుని అదే ప్యారిస్‌ను సెట్ల గొడవ లేకుండా చూపించలేదా?

రంగులపెట్టె:
అన్నా, ఆ వంతెన మీద హీరోయిన్ పోట్లాడే సీను కోసం పడవల్నీ జనాన్నీ రోజుల తరబడి ఎవరు ఆపుతారు? సరే, ‘ల జూర్ స లేవ్’ (1939) చూడండి. ఆ భవనం పక్కన ఏ ఇల్లూ ఆనుకోకుండా ఒంటిగా పైకి లేచి ఉంటుంది. హత్య చేసిన హీరో (నటుడు జాన్ గాబాన్) పై అంతస్తులో తలుపుకి బీరువా అడ్డం పెట్టుకుంటాడు, కింద జనం చీమల్లా మూగుతారు. వాడికి దిగే దారి లేదని ఎవరూ చెప్పక్కర్లేదు, ఇల్లే చెబుతుంది. బుడాపెస్ట్ నుంచి 1929లో వచ్చిన పెయింటర్ ట్రోనేర్, ఆర్ట్ డైరెక్టర్ లాజార్ మీర్సన్ దగ్గర అసిస్టెంటుగా పని నేర్చాడు. ఆ కన్ను ఊరికే రాలేదు.

లెక్కలమాస్టారు:
మరి ‘లె పోర్త్ ద లా న్యుయి’ (1946) సంగతేంటి? యుద్ధం అయిపోయిన మరుసటి ఏడాది, జనం తిండికీ బొగ్గుకీ కటకటలాడుతుంటే ప్యారిస్‌లోని బార్బెస్ మెట్రో స్టేషన్ని స్టూడియోలో కట్టారు. అసలుది నిక్షేపంలా ఉంది! సినిమా బోల్తా కొట్టింది.

రంగులపెట్టె:
బార్బెస్ విషయంలో నా ఓటు మాస్టారికే. కానీ ‘చిల్డ్రన్ ఆఫ్ ప్యారడైజ్’ (1945) మాటేమిటి? అందులో చూపించిన ప్యారిస్ నాటకశాలల వీధిని 1862లోనే కూలగొట్టేశారు, కెమెరా పట్టుకుని ఎక్కడికెళ్తారు? పైగా ట్రోనేర్ యూదుడు. జర్మన్ల ఆక్రమణలో దాక్కుని డిజైన్లు గీస్తే, బయట తోటి ఆర్ట్ డైరెక్టర్ లియోన్ బార్సాక్ ముందుండి నీస్‌లో కట్టించాడు. టైటిల్స్‌లో ట్రోనేర్ పేరు అజ్ఞాతంలో సహకరించినవాడిగా పడింది.

పాతరీలు:
ఆయన కష్టం గొప్పదే. నా ప్రశ్న అది కాదు. ఉన్న చోటుని మళ్లీ కట్టడం గురించి అడిగా.

కొత్తగా చేరా:
మధ్యలో దూరుతున్నా, సారీ. న్యూ వేవ్ రాగానే ఆయన పని అయిపోయిందన్నట్టు మాట్లాడుతున్నారు. న్యూ వేవ్ దర్శకుడు ట్రూఫో 1954 వ్యాసంలో పాత ఫ్రెంచి సినిమాని తిడుతూ ఉతికి ఆరేసింది ముఖ్యంగా స్క్రిప్టు రచయితల్ని, సెట్లు కట్టేవాళ్లని కాదు. ఇక ట్రోనేర్ 1960లో హాలీవుడ్ దర్శకుడు బిల్లీ వైల్డర్‌కి ‘ది అపార్ట్‌మెంట్’ చేసి ఆస్కార్ కొట్టాడు. అందులో ఆఫీసు హాలుకి అంతే ఉండదు. కిటుకేంటంటే, వెనక్కి పోయేకొద్దీ టేబుళ్ల సైజు తగ్గిస్తూ, అక్కడ పొట్టివాళ్లని కూర్చోబెట్టాడు. అసలు ఆఫీసులో తీస్తే అంత దిగులు పుట్టేదా?

పాతరీలు:
ఆ హాలుకి ఒప్పుకుంటా, అది ఎక్కడా లేనిది. ‘సబ్‌వే’ (1985) సినిమాకి సేజార్ (ఫ్రెంచి సినిమా అవార్డు) వచ్చినప్పుడు ఆయనకి దాదాపు ఎనభై. అందులో అసలు మెట్రో స్టేషన్లూ ఉన్నాయి, సెట్లూ ఉన్నాయి. బార్బెస్‌ను కట్టించినాయనే! 1946లో కూడా అలా అసలు స్టేషన్‌ని వాడుకుని ఉంటే నేనీ థ్రెడ్ పెట్టేవాణ్ణే కాదు. కాలువ మాత్రం ఇప్పటికీ దుబారానే.