ఏప్రిల్ 15లోపే రిటర్న్ వేసేయాలా, 4868 పెట్టి అక్టోబరు దాకా ఆగాలా?

కృష్ణాతీరం (చర్చ మొదలుపెట్టినవారు)

అమెరికాలో ఫెడరల్ ఆదాయపు పన్ను రిటర్న్‌కు గడువు ఏప్రిల్ 15. ఆలోపు ఆన్‌లైన్‌లో ఫారం 4868 పెడితే, కారణం అడక్కుండానే అక్టోబరు 15 దాకా సమయం వస్తుంది. ఇండియా లెక్కలు కూడా తేలాక ఒకేసారి సరిగ్గా వేద్దామని మనవాళ్లలో కొందరు ఏటా దీన్ని అలవాటుగా పెట్టేస్తున్నారు. చేతిలో ఉన్న కాగితాలతో వేసేసి, తేడా వస్తే 1040-ఎక్స్‌తో సవరించుకుంటే చాలని ఇంకొందరి మాట. ఏది సరైన పద్ధతి? డబ్బు లెక్కతో సహా, కారణాలు చెప్పండి.

లెక్కలపుస్తకం

గడువులోపే వేయాలన్నది నా అభిప్రాయం. 4868 పొడిగించేది రిటర్న్ వేసే గడువునే. డబ్బు కట్టే గడువు ఏప్రిల్ 15 దగ్గరే ఆగి ఉంటుంది. ఫారంలో 4వ గడిలో ఏడాది మొత్తం పన్ను అంచనా, 5వ గడిలో ఇప్పటికే కోత పడింది, కట్టింది కలిపి, 6లో తేడా, 7లో ఇప్పుడు కడుతున్నది రాయాలి. ఆ 4వ గడి నిజాయితీగా నింపాలంటే డబ్ల్యూ-2 (జీతం కాగితం), 1099లు (వడ్డీ, షేర్ల లాంటి ఇతర ఆదాయాల కాగితాలు), ఇండియా వడ్డీ అన్నీ కూడాల్సిందే. అంటే రిటర్న్ పని ముప్పాతిక భాగం అప్పటికే అయిపోయినట్టు. ఇక మిగతా పావు అక్టోబరుకు ఎందుకు తోయాలి?

చాలామంది 4వ గడిలో సున్నా వేసి పంపించేస్తారు. అది ప్రమాదం. అంచనా సహేతుకంగా లేదని తర్వాత తేలితే పొడిగింపు చెల్లదని ఫారం సూచనల్లోనే రాసి ఉంది. అప్పుడు ఏప్రిల్ నుంచీ ఆలస్యంగా వేసినట్టే లెక్క.

ఎర్రమట్టి

లెక్కలపుస్తకం గారూ, పెనాల్టీ లెక్క చూస్తే మీరు చెప్పినదానికి రెండో వైపు కూడా కనిపిస్తుంది. ఒకరు 4,000 డాలర్లు బాకీ ఉండి, ఆగస్టు 20న రిటర్న్ వేసి డబ్బు కట్టారనుకుందాం.

4868 పెట్టకపోతే: రిటర్న్ వేయనందుకు నెలకు 5 శాతం, నెలలో ఒక్కరోజు దాటినా పూర్తి నెల కిందే లెక్క. కట్టనందుకు నెలకు 0.5 శాతం. రెండూ కలిసిన నెలల్లో మొదటిదాన్ని 4.5కి తగ్గిస్తారు. ఐదు నెలలకు మొత్తం 25 శాతం, అంటే 1,000 డాలర్లు.

4868 పెడితే: కట్టనందుకు పడేది మాత్రమే. ఐదు నెలలకు 2.5 శాతం, 100 డాలర్లు.

వడ్డీ రెండు సందర్భాల్లోనూ ఉంటుంది. 2025లో రేటు 7 శాతం, రోజువారీ చక్రవడ్డీ. ఈ ఉదాహరణలో అసలు మీద వడ్డీ వంద డాలర్లకు కాస్త అటూఇటూ. కాబట్టి ఏప్రిల్ 14 రాత్రికి రిటర్న్ పూర్తయ్యే నమ్మకం లేనివాళ్లకు ఆ చిన్న ఫారం 900 డాలర్లు మిగులుస్తుంది.

ఇంకో వెసులుబాటు చాలామంది గమనించరు. మొత్తం పన్నులో కనీసం 90 శాతం ఏప్రిల్ 15కి చేరి, మిగతాది పొడిగించిన గడువులోపు రిటర్న్‌తో పాటు కడితే ఆ 0.5 శాతం కూడా వేయరు. మొత్తం పన్ను 20,000 అయితే 18,000 చేరి ఉండాలి. మిగిలిన 2,000 మీద వడ్డీ ఒక్కటే పడుతుంది.

లెక్కలపుస్తకం

ఆ లెక్కతో నాకు పేచీ లేదు. ఆలస్యం తప్పదని తెలిసినప్పుడు 4868 పెట్టాల్సిందే. నా అభ్యంతరం అలవాటు మీద. పొడిగింపుతో మిగతా గడువులు కూడా జరుగుతాయనుకుని నష్టపోయేవారు ఎక్కువ. ఐఆర్ఏ (రిటైర్మెంట్ పొదుపు ఖాతా)లో, హెచ్ఎస్ఏ (వైద్య ఖర్చుల పొదుపు ఖాతా)లో గత ఏడాది పేరిట డబ్బు వేయడానికి చివరి రోజు ఏప్రిల్ 15. 4868 దాన్ని కదపదు. ఈ ఏడాది మొదటి త్రైమాసికపు ముందస్తు పన్ను కూడా అదే రోజు కట్టాలి. నిరుడు త్రైమాసికాల్లో తక్కువ కట్టినందుకు ఫారం 2210 కింద పడే పెనాల్టీ కూడా పొడిగింపుతో పోదు.

నీలిసిరా

మీ ఇద్దరి వాదన డబ్బు చుట్టూనే తిరుగుతోంది. అసలు తేల్చాల్సింది, ఇప్పుడు చేతిలో లేని కాగితం వచ్చాక 1040-ఎక్స్‌తో దిద్దుకోగలమా, లేదా అని. దిద్దుకోగలిగినదైతే గడువులోపు వేసేయొచ్చు. దిద్దుకోలేని వాటికి 4868 తప్ప దారి లేదు. మనవాళ్లకు తరచుగా ఎదురయ్యేవి చెబుతాను.

మొదటిది ఐటీఐఎన్, అంటే సోషల్ సెక్యూరిటీ నంబర్ (ఎస్ఎస్ఎన్) రానివారికి పన్నుల కోసం ఇచ్చే నంబర్. హెచ్-4 (హెచ్-1బీ ఉద్యోగుల కుటుంబ వీసా) మీద ఉన్న పిల్లలకు ఎస్ఎస్ఎన్ రాదు. వాళ్ల పేరిట 500 డాలర్ల క్రెడిట్ కావాలంటే రిటర్న్ గడువులోపు, అంటే పొడిగింపు ఉంటే దాంతో కలిపి, ఐటీఐఎన్ ఉండాలి. లేదా ఆలోపు దానికి డబ్ల్యూ-7 ఫారంతో దరఖాస్తు చేసి, దాని ఫలితంగా నంబర్ రావాలి. గడువు దాటాక దరఖాస్తు చేస్తే అసలు రిటర్న్‌లోనూ, సవరణలోనూ ఆ ఏడాది క్రెడిట్ రాదు. అదే భార్యకో భర్తకో నంబర్ లేక విడిగా వేసినవారు, తర్వాత మూడేళ్లలోపు 1040-ఎక్స్‌తో ఉమ్మడి రిటర్న్‌గా మార్చుకోవచ్చు. ఒకే ఇంట్లో ఒకటి దిద్దుకోగలిగినది, ఒకటి దిద్దుకోలేనిది. డబ్ల్యూ-7కు కావాల్సిన పాస్‌పోర్ట్ ధ్రువీకరణ ఏప్రిల్ నాటికి పూర్తి కాకపోతే 4868 పెట్టి ఆగండి. జనవరి మధ్య నుంచి ఏప్రిల్ చివరి దాకా వెళ్లే డబ్ల్యూ-7లకు 9 నుంచి 11 వారాలు పడుతుంది. అయితే నంబర్ వచ్చేదాకా రిటర్న్ ఆపడం తప్పు. డబ్ల్యూ-7ను రిటర్న్‌కు జతచేసే పంపాలి. నంబర్ లేనివారిని 4868లో చూపాల్సివస్తే కాగితం ఫారంలో ఎస్ఎస్ఎన్ గడిలో దరఖాస్తు చేయబోతున్నట్టు, సూచనల్లో ఇచ్చిన మాటలతోనే రాయాలి.

రెండోది మొదటి ఏడాది ఎంపిక. నిరుడు చివర్లో హెచ్-1బీ మీద వచ్చినవారు 183 రోజుల పరీక్షలో (ఆ ఏడాది రోజులు, దానికి ముందు ఏడాది రోజుల్లో మూడో వంతు కలిపి 183 కావాలి) నిలవరు కాబట్టి నాన్‌రెసిడెంట్ కిందే లెక్క. నిరుడు వరసగా 31 రోజులు ఇక్కడ ఉండి, ఆ 31 రోజుల మొదలు నుంచి డిసెంబరు ఆఖరు దాకా కనీసం 75 శాతం రోజులు ఇక్కడే గడిపినవారు రెసిడెంట్‌గా ఎంచుకోవచ్చు. పెళ్లయినవారు ఇద్దరూ ఒప్పుకుంటే ఏడాది మొత్తానికి ఉమ్మడి రిటర్న్ దాకా వెళ్లొచ్చు. చిక్కేమిటంటే, ఈ ఏడాది 183 రోజుల పరీక్ష నెగ్గాకే ఆ రిటర్న్ వేయాలి. నవంబరు 1న వచ్చినవారికి నిరుటివి 61 రోజులు. అందులో మూడో వంతు 20కి కాస్త ఎక్కువ. ఈ ఏడాది 163 రోజులు కావాలి, అంటే మధ్యలో ఇండియా వెళ్లకపోతే జూన్ 12. ఏప్రిల్ 15కి వేయడానికి వీల్లేదు. 4868 పెట్టి ఆగమని అమెరికా పన్నుల శాఖ ఐఆర్ఎస్ ప్రచురణ 519లోనే ఉంది. పొడిగింపుతో కట్టే డబ్బును ఏడాదంతా నాన్‌రెసిడెంట్ అనుకుని, నాన్‌రెసిడెంట్ల ఫారం 1040-ఎన్ఆర్ లెక్కన అంచనా వేయాలి. మామూలుగా అది ఉమ్మడి రిటర్న్ లెక్క కంటే ఎక్కువే వస్తుంది. తేడా తర్వాత రిఫండ్‌గా వస్తుంది.

మూడోది ఇండియా మ్యూచువల్ ఫండ్లు. ఇవి పీఫిక్ (అమెరికా చట్టం దృష్టిలో విదేశీ పెట్టుబడి సంస్థ) కిందికి వస్తాయి, ఫారం 8621 కావాలి. ఏటా మార్కెట్ విలువ ప్రకారం పన్ను కట్టే పద్ధతి ఎంచుకుంటే, మొదటి ఏడాది ఆ ఎంపికను పొడిగింపుతో కలిపిన గడువులోపు వేసిన రిటర్న్‌లోనే చేయాలి. డిసెంబరు 31 నాటి యూనిట్ల విలువలు చేతికి రాలేదని వాటిని వదిలేసి వేసి, గడువులన్నీ దాటాక 1040-ఎక్స్‌లో ఎంచుకుంటానంటే కుదరదు.

పడమటిగాలి

నీలిసిరా గారి జాబితాకు కే-1, అంటే భాగస్వామ్య సంస్థ లాభనష్టాల్లో మన వాటా చూపే కాగితం, కలపండి. టెక్సాస్ వైపు అపార్ట్‌మెంట్ సిండికేషన్లలో (నలుగురూ కలిసి డబ్బు పెట్టి కొనేవి) భాగస్వాములైన తెలుగువాళ్లు చాలామంది. ఆ భాగస్వామ్య సంస్థ మార్చి 15కి రిటర్న్ వేయాలి, కానీ సెప్టెంబరు 15 దాకా పొడిగించుకుంటుంది. కే-1 లేకుండా వేసి తర్వాత సవరించడం చట్టరీత్యా కుదిరే పనే, కానీ 1040-ఎక్స్ తేలడానికి మామూలుగా 8 నుంచి 12 వారాలు, ఒక్కోసారి 16 వారాలు పడుతుంది. రాష్ట్ర రిటర్న్ కూడా మళ్లీ సవరించాలి. కే-1 ఉన్నవారికి ఏటా పొడిగింపు పెట్టడం బద్ధకమేమీ కాదు.

లెక్కలపుస్తకం

కే-1, మొదటి ఏడాది ఎంపిక, ఐటీఐఎన్ మూడూ ఒప్పుకుంటున్నాను. కానీ "ఇండియా లెక్కలు తేలాక" అన్న మొదటి వాదన నిలవదు. అక్టోబరు–డిసెంబరు టీడీఎస్‌కు బ్యాంకు ఇచ్చే ధ్రువపత్రం ఫారం 16ఏ ఫిబ్రవరి 15కల్లా రావాలి. ఎన్ఆర్ఈ (విదేశీ సంపాదన వేసుకునే ఎన్నారై ఖాతా) వడ్డీకి అక్కడ పన్నే లేదు, ఇక్కడ ఉంది. బ్యాంకు స్టేట్‌మెంట్ చాలు. ఎన్ఆర్ఓ (ఇండియాలో వచ్చే ఆదాయం వేసుకునే ఎన్నారై ఖాతా) వడ్డీ మీద బ్యాంకు 30 శాతం, దాని మీద సెస్ కోసినా, రెండు దేశాల ఒప్పందం ప్రకారం ఇండియాకు చెందేది 15 శాతమే. విదేశాల్లో కట్టిన పన్నుకు క్రెడిట్ అడిగే ఫారం 1116లో అంతవరకే క్రెడిట్. మిగతాది ఇండియాలో రిటర్న్ వేసి తెచ్చుకోవాల్సిన సొమ్ము. ఈ లెక్కకు జులై దాకా ఆగక్కర్లేదు. ఇక ఎఫ్‌బార్ (విదేశీ బ్యాంకు ఖాతాల నివేదిక) కోసం 4868 పెడుతున్నామనేవారు కూడా ఉన్నారు. దానికి అక్టోబరు 15 దాకా పొడిగింపు అడక్కుండానే ఉంది. దానికీ దీనికీ సంబంధం లేదు.

ఎర్రమట్టి

వడ్డీ విషయంలో మీరన్నది నిజం. స్థలమో ఇల్లో అమ్మినవారి సంగతి వేరు. అమ్మేది ఎన్నారై అయితే, ముందే తక్కువ కోతకు ధ్రువపత్రం తెచ్చుకోకపోతే, కొనేవారు లాభం మీద కాకుండా మొత్తం అమ్మకం విలువ మీద టీడీఎస్ కోస్తారు. అసలు పన్ను ఎంతో ఇండియా రిటర్న్‌లోనే తేలుతుంది. దానికి మామూలు గడువు జులై 31.

ఇక్కడ నెల చూసుకోవాలి. అమ్మకం జనవరి–మార్చి మధ్య అయితే ఆ జులైకే ఇండియా రిటర్న్ పడుతుంది. మరుసటి ఏప్రిల్ నాటికి అంతా తేలిపోయి ఉంటుంది, 4868 అక్కర్లేదు. ఏప్రిల్–డిసెంబరు మధ్య అయితే ఇండియా రిటర్న్ మరుసటి జులైలో పడుతుంది, అంటే సరిగ్గా మన ఏప్రిల్ 15కి, అక్టోబరు 15కి మధ్య. కోసిన టీడీఎస్ మొత్తాన్ని క్రెడిట్‌గా చూపి ఏప్రిల్‌లోనే వేసేస్తే, ఇండియా రిఫండ్ వచ్చాక 1040-ఎక్స్ వేసి తేడా కట్టాలి, వడ్డీతో సహా. ఇది మన ఇష్టం మీద వదిలేసిన సవరణ కాదు, చేసి తీరాల్సింది. అలాంటివారు అక్టోబరు దాకా ఆగడమే నయం.

కృష్ణాతీరం

రిఫండ్ వచ్చేవారికి 4868 అవసరమే లేదంటారు కదా, అది నిజమేనా? ఇంకా, ఆన్‌లైన్‌లో పెట్టేటప్పుడు ఎక్కడ తప్పు జరుగుతుందో కూడా చెప్పండి.

నీలిసిరా

రిఫండ్ వచ్చేవారికి పెనాల్టీ ఉండదు, ఎందుకంటే అది కట్టని పన్ను మీద శాతం. కానీ పైన చెప్పిన ఐటీఐఎన్, పీఫిక్ గడువులు "పొడిగింపుతో కలిపి" లెక్క. 4868 పెట్టకపోతే ఆ పొడిగింపు లేదు, గడువు ఏప్రిల్ 15తోనే పోయింది. పైగా రిఫండ్ అనుకున్నది ఒక 1099-బీ (షేర్ల అమ్మకాల కాగితం) దిద్దుబాటుతో బాకీగా మారొచ్చు. రిఫండ్ వస్తుందనుకున్నా పెట్టండి, ఖర్చేమీ లేదు.

పడమటిగాలి

ఆన్‌లైన్ విషయానికొస్తే రెండు దారులున్నాయి.

డబ్బు కట్టాల్సినవారికి తేలికైనది ఐఆర్ఎస్ డైరెక్ట్ పే. కారణం అడిగిన చోట "ఎక్స్‌టెన్షన్", ఫారం 4868, సరైన పన్ను ఏడాది ఎంచుకుని కడితే చాలు, విడిగా ఫారం పంపక్కర్లేదు. ఎక్కువ తప్పులు ఇక్కడే. కారణం దగ్గర "బాకీ" ఎంచుకుంటే డబ్బు చేరుతుంది, పొడిగింపు మాత్రం నమోదు కాదు. ఏడాది దగ్గర ఇప్పుడు నడుస్తున్నది ఎంచుకుంటే అది ముందస్తు పన్ను ఖాతాలో పడే ప్రమాదం ఉంది. గడిచిన ఏడాదినే ఎంచుకోవాలి. కొత్తగా వచ్చినవారికి ఈ దారి మూసుకున్నట్టే, ఎందుకంటే డైరెక్ట్ పే పాత రిటర్న్ వివరాలతో మనల్ని గుర్తుపడుతుంది.

అలాంటివారికి, కట్టేదేమీ లేనివారికి ఐఆర్ఎస్ ఫ్రీ ఫైల్. పొడిగింపు వరకు దీనికి ఆదాయ పరిమితి లేదు. కట్టేది లేకపోతే సంతకం కూడా అడగదు. ఫారం ద్వారానే బ్యాంకు ఖాతా నుంచి కోయించుకునేటట్టయితే అంతకు ముందు ఏడాది రిటర్న్‌లోని ఏజీఐ (సర్దుబాట్ల తర్వాతి మొత్తం ఆదాయం) అడుగుతుంది. మొదటిసారి వేసేవారు సున్నా రాయాలి. ఉమ్మడి రిటర్న్ వేయబోయేవారు రిటర్న్‌లో ఎవరి పేరు ముందు ఉంటుందో ఇక్కడా ఆ వరసలోనే ఇవ్వాలి. ఏప్రిల్ 15న దేశం బయట ఉండి, ఇల్లూ ఉద్యోగమూ కూడా బయటే ఉన్న పౌరులు, రెసిడెంట్లు 8వ గడి టిక్ చేస్తారు. వాళ్లకు జూన్ 15 దాకా రెండు నెలలు ఎలాగూ వస్తాయి, వడ్డీ మాత్రం ఏప్రిల్ 15 నుంచే. ఇండియాకు నాలుగు వారాల సెలవు మీద వెళ్లినవారు దీని కిందికి రారు.

తిరస్కరణకు మొదటి కారణం పేరు. మన ఇంటిపేరు, పేరు తారుమారై సోషల్ సెక్యూరిటీ కార్డులో ఎలా పడిందో అలాగే కొట్టాలి. పాస్‌పోర్ట్ చూసి కొడితే కుదరదు. గడువులోపు పంపి తిరస్కరణ వస్తే, సరిదిద్ది మళ్లీ పంపడానికి ఐదు రోజులుంటాయి. అందుకే "పంపాం" అన్న సందేశం చూసి ఊరుకోకుండా "అంగీకరించారు" అన్న ఈమెయిల్ వచ్చేదాకా చూడండి. దాన్ని పీడీఎఫ్‌గా దాచుకోండి.

ఎర్రమట్టి

రాష్ట్రం మరిచిపోవద్దు. కాలిఫోర్నియాలో ఫారమే లేదు, అక్టోబరు 15 దాకా దానంతట అదే వస్తుంది, డబ్బు మాత్రం ఏప్రిల్ 15కి. న్యూయార్క్‌కు విడిగా ఐటీ-370. న్యూజెర్సీలో పన్నులో 80 శాతం గడువుకల్లా చేరకపోతే, ఫెడరల్ పొడిగింపు ఉన్నా అక్కడ చెల్లదు. వర్జీనియా గడువు మే 1, పొడిగింపు అడగక్కర్లేదు గానీ 90 శాతం అప్పటికే కట్టి ఉండాలి. టెక్సాస్ వాళ్లకు రాష్ట్ర రిటర్నే లేదు. ఏడాది మధ్యలో రాష్ట్రం మారినవారు రెండు రాష్ట్రాలవీ విడివిడిగా చూసుకోవాలి.