ఇంక్రిమెంటు నిలుపుదలపై అప్పీలు చేస్తే శిక్ష పెరుగుతుందా?

ప్రశ్న

నేను హైదరాబాదులోని ఒక కేంద్ర ప్రభుత్వ కార్యాలయంలో యూడీసీగా (అప్పర్ డివిజన్ క్లర్కుగా) పనిచేస్తున్నాను. మా సెక్షన్‌లో ఒక ఫైలు కనబడకుండా పోయినందుకు నాకు కేంద్ర ఉద్యోగుల క్రమశిక్షణకు సంబంధించిన సీసీఎస్ (సీసీఏ) నియమావళిలో చిన్న శిక్షలకు వర్తించే 16వ నియమం కింద చార్జ్ మెమో (అభియోగ పత్రం) ఇచ్చారు. ఫైలు పోయిందంటున్న రోజుల్లో నేను మంజూరైన సెలవులో ఉన్నానని వివరణ రాసి, విచారణ జరిపించమని కూడా కోరాను. ఆ కోరిక సంగతే ఎత్తకుండా, వివరణ సంతృప్తికరంగా లేదన్న ఒక్క వాక్యంతో, ఒక ఇంక్రిమెంటును క్యుములేటివ్ ఎఫెక్ట్ లేకుండా (అంటే గడువు ముగిశాక జీతంపై ప్రభావం మిగలకుండా) రెండేళ్లపాటు నిలిపివేస్తూ ఉత్తర్వు చేతికిచ్చారు. అది అంది 26 రోజులైంది. అప్పీలుకు వెళితే శిక్ష ఇంకా పెరుగుతుందని తోటివారు భయపెడుతున్నారు. ఏం చేయమంటారు?

సమాధానం 1

నమస్కారమండీ. ముందుగా గడువు చూసుకోండి: 1965 నాటి ఈ నియమావళిలో 25వ నియమం ప్రకారం ఉత్తర్వు ప్రతి అందిన నాటి నుంచి 45 రోజుల్లో అప్పీలు చేసుకోవాలి. తగిన కారణం ఉంటే ఆలస్యాన్ని మన్నించే అధికారం అప్పీలు అధికారికి ఉన్నా, దానిమీద ఆశ పెట్టుకుని కూర్చోవద్దు. మీకింకా 19 రోజులున్నాయి.

శిక్ష పెంచే అధికారం 27వ నియమంలో ఉన్నమాట నిజమే. అయితే మీ వాదన చెప్పుకునే అవకాశం ఇవ్వకుండా పెంచడానికి వీల్లేదు. పెద్ద శిక్ష వేయదలిస్తే, అంతకుముందు 14వ నియమం ప్రకారం విచారణ జరిగి ఉండకపోతే, ముందు ఆ విచారణ జరిపించి తీరాలి. సెలవు మంజూరు ఉత్తర్వు చేతిలో ఉన్న మనిషి ఈ భయంతో వెనక్కి తగ్గడం నాకు సబబుగా తోచడం లేదు.

సమాధానం 2

పై మిత్రుల మాటతో ఏకీభవిస్తూ, అప్పీలులో ఏం రాయాలో చెబుతాను. పదవీ విరమణకు ముందు నేను ఈ ఫైళ్లే చూసేవాణ్ణి. వచ్చిన అప్పీళ్లలో సగం ‘దయతలచి క్షమించగలరు’ అనే అర్జీలే! అప్పీలు అధికారి తప్పనిసరిగా పరిశీలించవలసినవి మూడు: పద్ధతి పాటించారా, రికార్డులోని సాక్ష్యం నిర్ణయానికి ఆధారమవుతుందా, శిక్ష తగిన స్థాయిలో ఉందా. మీ అప్పీలు వీటికే సూటిగా తగలాలి. చిన్న శిక్షల కేసుల్లో విచారణ జరపాలా వద్దా అన్నది క్రమశిక్షణాధికారి ఇష్టమే అయినా, ఉద్యోగి కోరినప్పుడు ఆ కోరికను పరిశీలించి, కాదంటే కారణం రాయాలని 1985లోనే కేంద్రం సూచనలిచ్చింది. మీ ఉత్తర్వులో ఆ ఊసే లేదంటున్నారు కాబట్టి దానినే మొదటి అభ్యంతరంగా పెట్టి, సెలవు ఉత్తర్వు ప్రతిని జతచేయండి. వాస్తవాలపై గట్టిగా వాదించుకోవలసిన చోటు ఇదే, ఎందుకంటే తరువాత కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు (క్యాట్) వెళ్లినా అక్కడ పద్ధతినే ప్రధానంగా చూస్తారు, సాక్ష్యాన్ని మళ్లీ తూకం వేయరు. అధికారిపై కోపం ఎంతున్నా భాష మర్యాదగా ఉండాలి. అనుచితమైన మాటలు వాడరాదని 26వ నియమమే చెబుతోంది.

సమాధానం 3

ఒక చిన్న చేర్పు. అప్పీలు వేసినంత మాత్రాన శిక్ష అమలు దానంతట అది ఆగదు కాబట్టి, నిలుపుదల కోరదలిస్తే విడిగా రాయండి. అప్పీలును తోసిపుచ్చినా కారణాలు చూపాలని 1986లో రామ్ చందర్ అనే రైల్వే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఆరు నెలలు గడిచినా తీర్పు రాకపోతే క్యాట్ హైదరాబాద్ బెంచికి వెళ్లవచ్చు. ఆ ఆరు నెలలు ముగిశాక ఏడాదిలోపే వెళ్లాలి, రిమైండర్లు రాస్తూ పోతే గడువు పెరగదు. రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులకు 1991 నాటి వేరే నియమావళి ఉంది కనుక వారు ఇక్కడి అంకెలను తమకు అన్వయించుకోవద్దు.

ప్రశ్న అడిగినవారు

అందరికీ ధన్యవాదాలు. అప్పీలును ఉత్తర్వు ఇచ్చిన అధికారి ద్వారానే పంపాలా?

సమాధానం 2

అక్కర్లేదండీ. నేరుగా అప్పీలు అధికారికి సమర్పించి, ఒక ప్రతిని శిక్ష వేసిన అధికారికి పంపండి. ఆయన తన వ్యాఖ్యలతో రికార్డును పైకి పంపుతారు. రెండు చోట్లా అందినట్లు తేదీతో సహా ముద్ర వేయించుకోండి.