బ్యాంకాక్ గ్రాండ్ ప్యాలెస్, వాట్ ఫో, వాట్ అరుణ్: చిన్న గ్రూప్ గైడెడ్ టూర్ తీసుకోవాలా, సొంతంగా తిరగాలా?

ప్రశ్న: కొండపల్లిబొమ్మ

జనవరి రెండో వారంలో బ్యాంకాక్‌లో నాలుగు రోజులు ఉంటాం. మేమిద్దరం, అమ్మానాన్న, ఏడేళ్ల పాప, మొత్తం ఐదుగురం. నాన్నకి 68 ఏళ్లు. నడుస్తారు గానీ మెట్లంటే మోకాళ్లు పట్టేస్తాయి. అమ్మ చీర తప్ప వేరేది కట్టదు. అందరం శాకాహారులం, గుడ్డు కూడా తినం.

ఆన్‌లైన్‌లో "స్మాల్ గ్రూప్ టెంపుల్స్ అండ్ ప్యాలెస్" అని బోలెడన్ని టూర్లు కనిపిస్తున్నాయి. ఒకదానికీ ఇంకోదానికీ రేటు మూడింతలు తేడా ఉంది, ఎందుకో అర్థం కావడం లేదు. అడగాలనుకున్నవి ఇవి. గైడ్ నిజంగా అవసరమా? మూడు చోట్లూ ఒక పూటలో అవుతాయా? చీరతో లోపలికి రానిస్తారా? పాత రాజధాని అయుత్థయ కూడా కలిపి పెట్టుకోవచ్చా? వెళ్లొచ్చినవాళ్లు, అక్కడ ఉంటున్నవాళ్లు కాస్త వివరంగా చెప్పండి.

జవాబు 1: రేవుపక్క

ముందు రేటు సంగతి. మూడు చోట్లా విదేశీయులకు టికెట్ ఉంది: గ్రాండ్ ప్యాలెస్ 500 బాట్, వాట్ ఫో 300, వాట్ అరుణ్ 200. అంటే మనిషికి 1,000 బాట్ టికెట్లకే పోతుంది. చవగ్గా కనిపించే టూర్లలో చాలావాటికి ఈ వెయ్యి కలిపి ఉండదు. కింద చిన్న అక్షరాల్లో "ప్రవేశ రుసుము అదనం" అని రాస్తారు. మీ ఇంటిల్లిపాదికీ లెక్కేస్తే అదే పెద్ద మొత్తం. పాప ఎత్తు 120 సెంటీమీటర్ల లోపుంటే ప్యాలెస్‌లోనూ వాట్ ఫోలోనూ టికెట్ అక్కర్లేదు. అక్కడ చూసేది వయసు కాదు, ఎత్తు. ఇంట్లోనే ఒకసారి కొలిచి చూసుకోండి.

టికెట్లు కలిపి కూడా మరీ చవగ్గా ఉందంటే దారిలో రత్నాల దుకాణమో, తోలు సామాన్ల షోరూమో ఉంటుందని అర్థం. తగ్గించిన డబ్బు అక్కడి కమీషన్‌లో రాబట్టుకుంటారు, మీకేమో గంట పోతుంది. "షాపింగ్ స్టాప్ లేదు" అన్న మాట బుకింగ్ ముందే రాతలో తీసుకోండి. "స్మాల్ గ్రూప్" అన్నదానికి కూడా లెక్కంటూ ఏమీ లేదు. ఒకరికి ఎనిమిది మంది, ఇంకొకరికి ఇరవై. గరిష్ఠంగా ఎంతమంది అని అంకెతో అడగండి. పది దాటితే ప్యాలెస్ రద్దీలో గైడ్ మాట వెనకవాళ్లకు వినపడదు.

ఇంకొక మాట. థాయ్‌లాండ్‌లో గైడ్ పని చట్టప్రకారం థాయ్ పౌరులకే, అదీ లైసెన్స్ ఉన్నవాళ్లకే. హైదరాబాద్ నుంచి ప్యాకేజీతో వచ్చే మన టూర్ మేనేజర్ మిమ్మల్ని తీసుకెళ్లగలడు కానీ లోపల నిలబడి గైడ్‌లా వివరించడం కుదరదు. మెడలో కార్డు వేసుకున్న స్థానిక గైడ్ ఉండాల్సిందే. "తెలుగు గైడ్" అని ప్రకటన కనిపిస్తే అసలు ఎవరు చెప్తారో విడిగా అడగండి.

ఇక గైడ్ అవసరమా అంటే, ప్యాలెస్‌కి అవసరం, మిగతా రెంటికీ లేకపోయినా నడుస్తుంది. ఎందుకో చెప్తాను.

గ్రాండ్ ప్యాలెస్ కట్టడం 1782లో ఇప్పటి థాయ్ రాజవంశపు తొలి రాజు మొదటి రామ కాలంలో మొదలైంది. వాట్ ఫ్రా కేవ్, అంటే మరకత బుద్ధుడి గుడి, ఈ ఆవరణలోనే ఉంది. అదే టికెట్‌తో చూడొచ్చు, దాన్ని విడిగా అమ్మేవాళ్లను నమ్మొద్దు. మరకతం అంటారు గానీ అది జేడ్ లాంటి ఆకుపచ్చ రాయి. విగ్రహం ఎత్తు 66 సెంటీమీటర్లే. అంత ఎత్తు పీఠం మీద ఉండటంతో "ఇంతేనా" అనిపిస్తుంది. ఏడాదికి మూడు రుతువులు, మూడు వస్త్రాలు. వాటిని మార్చేది రాజుగారే. మీరు వెళ్లే జనవరిలో ఒంటినిండా కప్పే బంగారు జాలీ వస్త్రం ఉంటుంది. లోపల ఫొటోలు తీయనివ్వరు, గైడ్‌లు కూడా గొంతెత్తరు. అందుకే మంచి గైడ్ చెప్పాల్సిందంతా బయట చెప్పేసి లోపలికి పంపుతాడు. లోపల కాళ్లు ముడుచుకుని వెనక్కి పెట్టుకుని కూర్చోవాలి. పాదాలు విగ్రహం వైపు చూపితే తప్పు.

మన తెలుగువాళ్లు ఎక్కువసేపు ఆగాల్సింది మాత్రం ఆ గుడి చుట్టూ ఉన్న వసారాలో. రామకియన్, అంటే థాయ్ రామాయణం, చిత్రాలు 178 ఉన్నాయక్కడ. ఉత్తరం వైపు, జనకుడికి సీత దొరికే ఘట్టంతో మొదలై ప్రదక్షిణంగా సాగుతాయి. చాలా గ్రూపులు మధ్యలో ఎక్కడో లోపలికొచ్చి నాలుగు బొమ్మలు చూసి వెళ్లిపోతాయి. మొదటి బొమ్మ దగ్గర నుంచి మొదలుపెట్టమని గైడ్‌ని అడగండి.

పేర్లు మనకు దగ్గరే: దశకంఠుడు థోత్సకన్, విభీషణుడు ఫిఫేక్, అంగదుడు ఓంగ్‌ఖోట్, ఇంద్రజిత్తు ఇంతరచిత్. కథ మాత్రం అక్కడక్కడ అడ్డం తిరుగుతుంది. సీత థోత్సకన్ కన్నకూతురే. తెల్లగా ఉండే హనుమంతుడు బ్రహ్మచారి కాదు, రావణుడి మత్స్యకన్య కూతురి మీద మనసు పడతాడు. వాళ్లకు పుట్టినవాడు మచ్చాను. మన మైరావణ కథలో మత్స్యవల్లభుడు గుర్తున్నాడుగా, అతనే. మైరావణుడు కూడా మైయరాప్ పేరుతో ఉన్నాడు. మన దగ్గర హనుమంతుడు తోకతో కోట కడితే, ఇక్కడ రాముడి విడిదిని నోట్లో పెట్టుకుని కాపాడతాడు. ఆ బొమ్మ చూసి పిల్లలు కదలరు. ఈ తేడాలేవీ రాసి ఉండవు, నోటితో చెప్పేవాళ్లు కావాలి. గైడ్ డబ్బులు గిట్టుబాటయ్యేది ఇక్కడే.

వాట్ ఫో శయన బుద్ధుడు 46 మీటర్ల పొడవు. పాదాల మీద ముత్యపుచిప్పతో పొదిగిన 108 శుభచిహ్నాలుంటాయి. వెనకవైపు 108 కంచు గిన్నెలు వరసగా పెట్టి ఉంటాయి, చిల్లర తీసుకుని ఒక్కోదాంట్లో ఒక్కో నాణెం వేస్తూ వెళ్తారు. పాపకి ఆ పని అప్పజెప్పండి. టికెట్‌తో ఒక నీళ్ల సీసా ఇస్తారు, పారేయకండి. అందరూ శయన బుద్ధుడిని చూసి వెనక్కి తిరిగేస్తారు. లోపలి ప్రధాన మందిరం చుట్టూ చలువరాతి మీద చెక్కిన రామకియన్ పలకలు 152 ఉన్నాయి, అవీ చూడండి.

వాట్ అరుణ్ సూర్యుడి సారథి అరుణుడి పేరు మీదే. గోపురం మీదంతా చైనా పింగాణీ ముక్కలు, గవ్వలు. పైకెక్కే మెట్లు నిటారుగా ఉంటాయి, ఒక అంతస్తు దాటి పోనివ్వరు కూడా. నాన్నగారు కింద నుంచి చూస్తే చాలు, పోగొట్టుకునేది ఏమీ లేదు. నాలుగు వైపులా గూళ్లలో ఐరావతం మీద ఇంద్రుడు కింద నుంచే కనిపిస్తాడు.

జవాబు 2: ఇటుకరాయి

రేవుపక్క గారు చెప్పినవన్నీ సరే. ఒక్కచోట మాత్రం నేను ఒప్పుకోను. ఒకే రోజుకి గైడ్‌ని పెట్టుకునే వీలుంటే ఆ రోజు అయుత్థయకి ఇవ్వండి. ప్యాలెస్‌లో కథ తెలియకపోయినా కళ్లకు పండగే. అయుత్థయలో చెప్పేవాళ్లు లేకపోతే మూడో శిథిలం దగ్గరికి వచ్చేసరికి అన్నీ ఇటుకల కుప్పల్లాగే కనపడతాయి.

బ్యాంకాక్‌కి ఉత్తరంగా 80 కిలోమీటర్లు. మూడు నదుల మధ్య దీవిలాంటి పాత రాజధాని. పేరు మన అయోధ్యే. 1350లో మొదలై 1767లో బర్మా సైన్యం తగలబెట్టేదాకా నాలుగు శతాబ్దాలు నడిచింది. 1991 నుంచి యునెస్కో జాబితాలో ఉంది. గైడ్ దగ్గర మొదట నేర్చుకోవాల్సింది గోపురాల రెండు ఆకారాలు: మొక్కజొన్న కంకిలా లేచేది ప్రాంగ్, అది కంబోడియా ఖ్మేర్ల దారి. గంట బోర్లించినట్టుండేది చేదీ, అది సింహళం వైపు నుంచి వచ్చింది. ఈ తేడా పట్టుబడితే ఏ గుడి ఏ ప్రభావంలో కట్టారో మీకే తెలిసిపోతూ ఉంటుంది.

మూడు చేదీలు వరసగా ఉన్న వాట్ ఫ్రా సీ సన్ఫెత్ రాజప్రాసాదం లోపలి గుడి, అందులో భిక్షువులు ఉండేవాళ్లు కాదు. బ్యాంకాక్‌లో వాట్ ఫ్రా కేవ్‌లోనూ భిక్షువులు ఉండరు, ఎందుకంటే దీన్ని చూసే దాన్ని కట్టుకున్నారు. వాట్ రచ్చబురణలో సింహాసనం కోసం ఏనుగుల మీద పోరాడి చనిపోయిన ఇద్దరన్నల కోసం తమ్ముడు గుడి కట్టించాడు. 1957లో దాని నేలమాళిగను దొంగలు తవ్వేశారు. వాళ్ల దగ్గర నుంచి దొరికినదీ, తర్వాత బయటపడినదీ, ఆ బంగారం ఇప్పుడు చావో సామ్ ఫ్రాయా మ్యూజియంలో ఉంది. మామూలు టూర్లలో ఈ మ్యూజియం ఉండదు, అడిగి చేర్పించుకోండి. వాట్ మహాథాత్‌లో చెట్టు వేళ్ల మధ్య బుద్ధుడి తల దగ్గర ఫొటోకి నిలబడకండి. మీ తల ఆ తల కంటే కిందకి ఉండాలి, కూర్చుని తీయించుకోవాలి. కాపలావాళ్లు గట్టిగానే చెప్తారు.

అదే రోజు బాంగ్ పా-ఇన్ వేసవి రాజభవనం కూడా కలిపే టూర్లు ఉన్నాయి. కోనేటి మధ్యలో 1876 నాటి మంటపం, చైనా పద్ధతిలో కట్టిన మేడ బాగుంటాయి. పాపకీ పెద్దవాళ్లకీ అక్కడ చల్లగా, చదునుగా ఉంటుంది. కాకపోతే అక్కడా దుస్తుల నియమం ఉంది. ఏనుగు సవారీ కలిపిన టూర్ అయితే దాన్ని తీసేయమనండి, ఆ సమయంలో ఇంకో గుడి చూడొచ్చు.

ప్యాలెస్, అయుత్థయ ఒకే రోజు మాత్రం వద్దు. రెండూ సగం సగం అవుతాయి.

జవాబు 3: జరీఅంచు

బట్టల సంగతి ఎవరూ చెప్పలేదు కాబట్టి. గ్రాండ్ ప్యాలెస్ గేటు దగ్గరే చూస్తారు. భుజాలు, మోకాళ్లు కప్పి ఉండాలి. చేతుల్లేని జాకెట్లు, పారదర్శకమైనవి, చిరుగుల జీన్స్, షార్ట్స్, బిగుతు లెగ్గింగ్స్ కుదరవు. చేతుల్లేని దాని మీద చున్నీ కప్పుకుంటే చాలనుకుంటారు, తిప్పి పంపేది ఎక్కువగా వాళ్లనే. మీ అమ్మగారికి మోచేతుల దాకా చేతులున్న జాకెట్టు, పలచన కాని చీర, కొంగు నడుము మీదుగా చుట్టి పిన్ను పెడితే ఇబ్బంది ఉండదు. కుచ్చిళ్లు పాదానికి రెండంగుళాలు పైకి కట్టమనండి, గుడి గడపలు ఎత్తుగా ఉంటాయి. నాన్నగారికి మామూలు ప్యాంటు. మరిచిపోయి షార్ట్స్‌తో వెళ్లిన మగవాళ్ల కోసం గేటు ఎదురుగా ఏనుగు బొమ్మల ప్యాంట్లు అమ్ముతుంటారు. ఊళ్లో ఎక్కడైనా దానికంటే చవగ్గా దొరుకుతాయి.

చెప్పులు విప్పి తొడిగే పని చాలాసార్లు పడుతుంది. లేసుల బూట్లు వద్దు. పలచటి మేజోళ్లు వేసుకుంటే ఎండకి కాలిన రాళ్ల మీద అరికాళ్లు బతుకుతాయి.

తిండి. మాంసం లేకపోయినా నామ్ ప్లా అనే చేపల రసం దాదాపు ప్రతి వంటలో పడుతుంది. "వెజిటేరియన్" అంటే చాలామంది గుడ్డు, చేపరసం ఉంచి మాంసం తీసేస్తారు. అనాల్సిన మాట "జే". పసుపు జెండా మీద ఎర్ర అక్షరాలున్న కొట్లు అవే, అక్కడ గుడ్డు కూడా ఉండదు, వెల్లుల్లి కూడా వేయరు. టూర్‌లో భోజనం కలిపి ఉంటే బుకింగ్‌లోనే "జే" అని రాయించండి. లేదా భోజనం లేని టూర్ తీసుకుని, తర్వాత పహురత్‌కి వెళ్లండి. మనవాళ్ల బజారు, గురుద్వారా ఉన్న చోటు, పప్పూ రొట్టే ఖాయం.

ప్యాలెస్ గోడ పక్కన మంచి బట్టలేసుకున్న మనిషి వచ్చి "ఈ రోజు మూసేశారు, మధ్యాహ్నం తెరుస్తారు, ఈలోగా టుక్‌టుక్‌లో వేరే గుడులు చూపిస్తా" అంటాడు. ఆ టుక్‌టుక్ పోయేది రత్నాల కొట్టుకి. రాజకార్యక్రమాలున్నప్పుడు ప్యాలెస్ నిజంగానే మూస్తారు, ఆ సంగతి గేటు దగ్గర సిబ్బందిని అడిగి తెలుసుకోండి.

బుద్ధుడి బొమ్మ కొనుక్కోవాలనుకుంటే, విగ్రహాలు దేశం దాటించడానికి అక్కడి లలితకళల శాఖ అనుమతి కావాలి. కొట్టువాడు అక్కర్లేదంటే నమ్మొద్దు.

కొండపల్లిబొమ్మ

చాలా చాలా థ్యాంక్స్ అండీ. ఒక రోజు ప్యాలెస్‌కి, ఒక రోజు అయుత్థయకి, రెండింటికీ గైడ్ అనుకుంటున్నాం. ప్యాలెస్ రోజు ఏ వరసలో పెట్టుకుంటే నాన్నకి తేలిక? వ్యాన్ టూరా, నడకదా?

జవాబు 4: రేవుపక్క

ఆ మూడింటికీ వ్యాన్ దండగ. ప్యాలెస్ ఉన్న పాత ఊరు రత్తనకోసిన్‌లో ట్రాఫిక్ వల్ల నడకకంటే ఆలస్యం అవుతుంది, పైగా వ్యాన్లు గేటు దగ్గర ఆగవు. మెట్రో బ్లూ లైన్‌లో సనామ్ చాయ్ స్టేషన్‌లో కలిసే నడక టూర్ చూసుకోండి. అక్కడి నుంచి వాట్ ఫో పక్కనే. ప్యాలెస్ గేటు దాకా నాన్నగారికి దూరం అనిపిస్తే ఆ ముక్కకి మాత్రం టాక్సీ.

ప్యాలెస్ 8:30కి తెరుస్తారు, మీరు 8:15కే గేటు దగ్గర ఉండాలి. పదింటికల్లా పెద్ద బస్సులు దిగుతాయి, ఆ తర్వాత వసారాలో బొమ్మల ముందు నిలబడే చోటుండదు. నీడలో ఉండే వసారా ముందు, ఎండలో ఉండే రాజుగారి మేడ చక్రి మహాప్రాసాద్ తర్వాత అని చాలామంది అనుకుంటారు. రద్దీ లెక్కలో చూస్తే మొదట మరకత బుద్ధుడు, వెంటనే వసారా, చివర ప్రాసాదం. థాయ్ కిరీటం పెట్టుకున్న తెల్లదొర అని వెక్కిరించే ఆ మేడను ఎలాగూ బయట నుంచే చూడటం. మొత్తం రెండు గంటలకి తగ్గనివ్వకండి. టూర్‌లో ప్యాలెస్‌కి "గంట" అని రాసుంటే ఆ టూర్ వదిలేయండి.

తర్వాత గోడ వెంట పది పదిహేను నిమిషాల నడక, వాట్ ఫో. నాన్నగారిని శయన బుద్ధుడి తర్వాత నీడలో కూర్చోబెట్టండి. గైడ్‌ని అక్కడితో పంపేయొచ్చు. భోజనం చేసి హోటల్‌కి పోయి పడుకుని, సాయంత్రం నాలుగున్నరకి తా తియన్ రేవుకి రండి. వాట్ అరుణ్ ఆరింటికి మూస్తారు కాబట్టి ఐదు బాట్ల పడవలో అవతలికి వెళ్లి ముప్పావు గంటలో చూసేసి, మళ్లీ ఇవతలి గట్టుకి వచ్చేయండి. గుడి పడమటి గట్టున ఉంది, సూర్యుడు దాని వెనకే దిగుతాడు.

జవాబు 5: జరీఅంచు

ఆ రేవులో "ప్రైవేట్ బోట్" అని పట్టుకునేవాళ్లు ఉంటారు. అవతలికి దాటించే పడవ వేరు, నది వెంట పోయే నారింజ జెండా పడవ వేరు. కౌంటర్ దగ్గర "వాట్ అరుణ్" అని మాత్రం అనండి, చిల్లర చేతిలో పెట్టుకోండి.